పక్కింటి దీపం

మా తోడికోడలి గురించి రెండు పేజీలు రాసివ్వమని మండలి నుంచి కబురొచ్చింది. 'చివరి గీత' అనే కుర్చీ దిగిపోయేవాళ్ళ జీవితం నాలుగు ముక్కల్లో రాయించి, వీడ్కోలు రోజున అందరి ముందూ చదివించి, ఆ కాగితాన్ని పెట్టెలో దాచడం అక్కడి పద్ధతి. "ఆవిడ గురించి మీకన్నా ఎక్కువ ఎవరికి తెలుసమ్మా?" అన్నాడు కొత్త కార్యదర్శి. పాపం, మంచివాడే. ఎవరిని అడుగుతున్నాడో తెలియక అడిగాడు.

తెలుసు నాయనా. ఆమె గురించి నాకు తెలిసినంత ఆమెను కన్నతల్లికి కూడా తెలియదు. ప్రేమించినవాళ్ళు అదీ ఇదీ మరిచిపోతారు గాని, కడుపుమంట ఉన్నవాళ్ళు ఒక్కటీ మరిచిపోరు. ఆమె ఏ రోజున ఏ చీర కట్టుకుని ఆ మెట్లెక్కిందో అడగండి, చెబుతాను.

వీడ్కోలుకి బయటివాళ్ళు కూడా వస్తారు గనక ముందు మండలి సంగతి చెప్పాలి. కళ్ళజోళ్ళ కొట్టుకీ సైకిళ్ళ షాపుకీ మధ్య సన్నటి గుమ్మం, లోపల మూడంతస్తుల పాత మేడ. అదే గురుతుల మండలి. వీధిలోవాళ్ళు 'గీతల మేడ' అంటారు. మనిషి రాయడం నేర్చుకోకముందు రాళ్ళ మీదా కుండల మీదా తలుపుల మీదా గీసుకున్న గుర్తులు పదకొండు వందల పైచిలుకు అక్కడి పెట్టెల్లో ఉన్నాయి. వాటి మీద పండితులు పొద్దస్తమానం వాదించుకుంటారు. ఒకాయన అవునంటే ఇంకొకాయన కాదంటాడు. అందరూ ఒప్పుకునేది ఒక్కటే: సరిగ్గా గీసిన గుర్తు ఊరికే ఉండదు, చూసినవాణ్ణి ఏదో ఒకటి చేస్తుంది. ఒకటి నిలబెట్టేస్తుంది, ఒకటి ఏడిపిస్తుంది, ఒకటి లేచి ఇంటికి పొమ్మంటుంది.

కాగితం పాతబడితే గుర్తులో బలం పోతుందని ముప్ఫై ఏళ్ళకోసారి ప్రతిదానికీ కొత్త నకలు రాస్తారు. ఆ నకళ్ళు రాసేవాళ్ళం మేం. రెండో అంతస్తులో ఎనిమిది బల్లలు. అక్కడ మనుషులకి పేర్లుండవు, మొదటి బల్ల, మూడో బల్ల అని పిలుస్తారు. నేను ఇరవై ఒకటో ఏట చేరాను. పదేళ్ళు తిరక్కుండా మొదటి బల్లనయ్యాను.

అయితే ఒక నియమం ఉంది. నకలు రాసేవాళ్ళు గుర్తు పూర్తి చేయకూడదు. ఆఖరి గీత వదిలేయాలి. పూర్తయిన గుర్తు మేలుకుంటుందట. పనిచేసే గదిలో రోజంతా గుర్తులు మేలుకుని కూర్చుంటే మా మతులు పోతాయట. ఆ ఆఖరి గీత గీసే హక్కు మేడ మొత్తంలో ఒక్కరికే ఉంది. మూడో అంతస్తులో కిటికీ పక్కన కుర్చీ వేసుకుని, మేం పంపిన కాగితాల మీద ఒక్కొక్క గీత గీసి మెల్లగా పక్కన పెట్టడమే ఆ పని. నేను చేరేనాటికి ఆ కుర్చీలో ఉన్నాయన్ని అందరూ 'పెద్దాయన' అనేవారు.

నా బాధ అర్థమైందా? తొమ్మిది గీతల గుర్తయితే ఎనిమిది నావి. వంటంతా నేను చేస్తే తాలింపు పెట్టి ఇంకొకరు పేరు కొట్టేసినట్టు. ఏళ్ళ తరబడి నా చేత్తో ఒక్క గుర్తూ పూర్తి కాలేదు. పెద్దాయన దిగిపోయాక ఆ కుర్చీ నాది కావాలి, ఒక్కసారైనా ఒక గుర్తుని నా చేత్తో ముగించాలి. నాకు నగల మీద ఆశ లేదు, చీరల మీద లేదు. ఆ కుర్చీ మీద మాత్రం ఉంది, దాచుకోను.

నా నకళ్ళకి వంక పెట్టినవాడు లేడు. దారం పెట్టి కొలిచినా, అసలు మీద నకలు పెట్టి వెలుగుకి పట్టినా వెంట్రుకవాసి తేడా ఉండేది కాదు. వెనకాల నన్ను 'స్కేలమ్మ' అనేవారు. అనుకోనీ, వంకర చేతులవాళ్ళకి తిన్నటిది చూస్తే అలాగే ఉంటుంది.

ఇక ఆమె సంగతి. మా మరిది చేసుకొచ్చేనాటికి ఆమెకి ఇరవై రెండేళ్ళు. వాళ్ళ నాన్న బోర్డులు రాసేవాడు. కొట్ల బోర్డులు కాదు, 'ఇటు పోరాదు', 'ఇక్కడ పొగ తాగరాదు' అని ఫ్యాక్టరీల్లో పెట్టే బోర్డులు. బడి మానేసి ఆయన వెంట నిచ్చెన మోస్తూ తిరిగి, రోడ్డు మీద బాణాలు, ఆసుపత్రి గోడల మీద 'నిశ్శబ్దం' వేళ్ళు, కరెంటు కంచెల మీద పుర్రెలు వేయడం నేర్చుకుంది. మా ఇంటికొచ్చాక కూడా ఆ పని మానలేదు. చేతికి రంగు, చెంపకి రంగు, ముడిలో దువ్వెనకి బదులు కుంచె. మా అత్తగారు చూసి, "చిన్న కోడలు నడిచొస్తుంటే గోడకి కాళ్ళొచ్చినట్టుందే," అని నవ్వేది. నన్ను చూసి మా అత్తగారు ఏనాడూ అలా నవ్వలేదు. రాసుకోండి, అక్కడ మొదలైంది.

మా వీధి చివర ట్రాన్స్‌ఫార్మర్ చుట్టూ కంచె ఉండేది. దానికి సైకిళ్ళు ఆనించేవారు, తువ్వాళ్ళు ఆరేసేవారు. కరెంటు ఆఫీసువాళ్ళు ఈమె చేత దాని మీద పుర్రె బొమ్మ వేయించారు. రెండెముకలు, ఒక పుర్రె, అందరూ వేసేదే. వేసిన మర్నాటి నుంచి ఆ కంచె దగ్గరికి పోయినవాడు లేడు. మనుషుల సంగతి సరే, కుక్కలు కూడా అక్కడ కాలెత్తడం మానేశాయి. నేను పోయి చూశాను. ఒక కన్ను పెద్దది, ఒక కన్ను చిన్నది. ఎముకలు సరిగా మధ్యలో కలవలేదు. కానీ నా చెయ్యి కంచె మీద పడలేదు.

అది చూసి నేనే ఆమెను మండలికి తీసుకెళ్ళాను. అవును, నేనే! కొరివితో తల గోక్కోవడం అంటే ఇదే. జాలిపడ్డానని అప్పట్లో అందరికీ చెప్పుకున్నాను. నిజమేమిటంటే, నా చెయ్యి ఎంత గొప్పదో ఇంట్లోవాళ్ళకి చెప్పడానికి ఒక సాక్షి కావాలనుకున్నాను. పక్కన కూర్చుని నా పని చూస్తుంది, ఇంటికెళ్ళి అత్తగారి దగ్గర "అబ్బో, అక్క చెయ్యి!" అంటుంది అనుకున్నాను.

అన్నది కూడా. అది ఇంకా పెద్ద నొప్పి. ఏ రోజు చూసినా "అక్క చూడండత్తయ్యా, కొలబద్ద లేకుండా గుండ్రంగా సున్నా చుడుతుంది!" అనేది. మనసులో ఒకటి పెట్టుకుని పైకి ఒకటి అనే మనిషైతే తిట్టుకుని ఊరుకునేదాన్ని. ఆమెకి ఆ విద్య రాదు. తిట్టడానికి వీల్లేని మనిషిని చూస్తే ఒళ్ళు ఎంత మండుతుందో పడ్డవాళ్ళకే తెలుస్తుంది.

ఆమెకి ఎనిమిదో బల్ల ఇచ్చారు. రోజూ ఆలస్యం. సిరా బుడ్డి పక్కనే అన్నం గిన్నె పెట్టుకుని తినేది. పనిచేస్తూ కూనిరాగం తీసేది. మొదటి నెలలో ఒక రోజు నా దగ్గరికొచ్చి, "అక్కా, పెద్దాయన గీత గీశాక నా నకలు చూశాను. నాకేమీ అనిపించలేదేంటి? పాడు చేశానా?" అంది బిక్కమొహం వేసుకుని.

"పిచ్చిదానా, ఎవరి చేతి గుర్తు వాళ్ళ మీద పనిచేయదు. మనకి మనం చక్కిలిగింత పెట్టుకుంటే నవ్వొస్తుందా?" అన్నాను. మండలిలో చేరిన ప్రతివాళ్ళకీ మొదటి వారంలోనే చెప్పే మాట అది. నేను ఎంతమందికి చెప్పానో లెక్కలేదు.

గుర్తులో బలం ఉందో లేదో తేల్చేది చూపు గది. మూడో అంతస్తు చివర తెల్లగోడల ఖాళీ గది. ఒక మేకు, ఒక కుర్చీ, అంతే. మేకుకి నకలు తగిలించి, వీధిలో పోయేవాళ్ళని ఎవరినో పిలిచి లోపల కూర్చోబెడతారు. ఎంతసేపు కూర్చుంటే అంతసేపు. బయటికొచ్చాక గుమాస్తా ఒక్కటే అడుగుతాడు: "లోపల మీకేం గుర్తొచ్చింది?" నా నకళ్ళు చూసినవాళ్ళు రెండు మూడు నిమిషాల్లో లేచి వచ్చేవారు. "బాగా గీశారండీ, అచ్చు వేసినట్టుంది," అనేవారు. ఎనిమిదో బల్ల నకళ్ళ దగ్గర అలా కాదు. ఒకసారి గాజులమ్మే ఆవిడ లోపలికెళ్ళి అరగంటైనా రాలేదు. వచ్చాక, "మా నాన్న నన్ను భుజం మీద ఎక్కించుకున్నది గుర్తొచ్చిందయ్యా," అని మెట్ల మీదే కూర్చుండిపోయింది. ఆ నకలు నేను తర్వాత దారం పెట్టి కొలిచాను. రెండు చోట్ల తప్పు!

ముందొచ్చిన చెవుల కన్నా వెనకొచ్చిన కొమ్ములు వాడి అని ఊరికే అన్నారా? పండితులు ఎనిమిదో బల్ల దగ్గర ఆగడం మొదలెట్టారు. నా బల్ల దాటుకునే పోవాలి కదా, నన్ను చూసి తల ఊపి పోయేవారు. ఇంటికొస్తే అత్తగారు, "ఇవాళ చిన్నది ఎవరిని ఏడిపించిందిట?" అని అడిగేది. మా ఆయన కూడా, మా ఆయన కూడానండీ, "మీ ఎనిమిదో బల్ల సంగతులు చెప్పు," అనేవాడు. పప్పులో ఉప్పు ఎక్కువైనా ఆ రోజు ఎందుకెక్కువైందో ఎవరూ అడగలేదు.

నేను చేరి ఇరవై రెండేళ్ళు, ఆమె చేరి ఆరేళ్ళు అయ్యేసరికి పెద్దాయన చెయ్యి వణకడం మొదలైంది. కుర్చీకి ఇద్దరి పేర్లు అనుకున్నారు: మొదటి బల్ల, ఎనిమిదో బల్ల. పద్ధతి ప్రకారం ఇద్దరికీ ఒకే గుర్తు ఇస్తారు. ఇద్దరూ వేర్వేరు గదుల్లో మొదటి గీత నుంచి ఆఖరి గీత దాకా పూర్తిగా గీయాలి. మండలి చరిత్రలో నకలు రాసేవాళ్ళు ఆఖరి గీత గీసేది అప్పుడే. బయటివాళ్ళు ముగ్గురు రెండూ చూస్తారు. ఎవరి దగ్గర ఎక్కువసేపు కూర్చుంటే కుర్చీ వాళ్ళది.

పెట్టెలోంచి చీటీ తీస్తే 'పక్కింటి దీపం' అనే గుర్తు వచ్చింది. చిన్న గుర్తే. కిటికీలాంటి రెండు వంపులు, మధ్యలో చుక్క, బయట చీకట్లో నిలబడ్డ మనిషిలా ఒక నిలువు గీత. ఆ నిలువు గీతే ఆఖరిది. కొందరు పండితులు దాన్ని ఆహ్వానం అంటారు, కొందరు ఆశ అంటారు.

ముందు రోజు వంటింట్లో ఆమె నా చెయ్యి పట్టుకుంది. "అక్కా, నాకు భయంగా ఉంది. నువ్వే గెలవాలి. కానీ నాకూ కావాలనుంది. ఏం చెయ్యను?"

"కావాలంటే తీసుకో తల్లీ! నాకెందుకు, అన్నీ నీకే ఇచ్చేస్తాను, పో!" అన్నాను. ఎంత వెటకారంగా అన్నానంటే పక్కగదిలో అత్తగారు దగ్గింది. ఈ మహాతల్లి మాత్రం కళ్ళు తుడుచుకుని వెళ్ళిపోయింది.

మర్నాడు పొద్దున నేను గీశాను. దాని గురించి చెప్పాలి. రెండు వంపులూ గీసేటప్పుడు కొలతల గురించి ఒక్కసారి కూడా అనుకోలేదు. ఎనిమిదో బల్ల చుట్టూ మూగిన వీపులు కనిపించాయి. అత్తగారి నవ్వు వినిపించింది. చుక్క పెట్టాను. ఇరవై రెండేళ్ళ తర్వాత మొదటిసారి ఆఖరి గీత గీశాను. గీసి చూస్తే కాగితం మీద రెండు వంపులు, ఒక చుక్క, ఒక గీత. నాకేమీ అనిపించలేదు. ఎప్పటిలాగే చచ్చినట్టుంది అనుకున్నాను.

కాగితాలు ఆరబెట్టే గది తాళం సీనియర్‌ని గనక నా దగ్గరే ఉండేది. తడి కాగితానికి జిగురు తగలకూడదని, బల్ల నంబరు రాసి మూసిన కవరుని పక్కన క్లిప్పుతో పెట్టేవారు. మధ్యాహ్నం అందరూ భోజనాలకి దిగాక నేను లోపలికెళ్ళి ఆమె కాగితం చూశాను.

నిలువు గీత పక్కకి ఒరిగి ఉంది. వంపులు రెండూ సమానంగా లేవు. కానీ నేను తొమ్మిదేళ్ళప్పుడు మా వీధిలో ఒక ఇంటి కిటికీ దగ్గర నిలబడి, లోపల ఆ పిల్లలు తల్లి చుట్టూ కూర్చుని నవ్వుకోవడం చూసి, తలుపు తడితే లోపలికి రమ్మంటారేమో అనుకున్నది గుర్తొచ్చింది. ఎన్నాళ్ళకి! అక్కడే నిలబడిపోయాను. తర్వాత పక్కనున్న నా కాగితం చూశాను. గోడ చూసినట్టుంది.

అరికాలి మంట నెత్తికెక్కింది. నిన్నగాక మొన్న వచ్చినదానికి, అన్నం మెతుకులు సిరాలో పడేసేదానికి ఇది ఎలా వస్తుంది? నేనేం పాపం చేశాను? క్లిప్పులు తీసి కవర్లు అటుది ఇటు, ఇటుది అటు పెట్టేశాను. రెండు నిమిషాలు కూడా పట్టలేదు. తాళం వేసి కిందికెళ్ళి అందరితో పాటు భోంచేశాను. ఆ మండలిలో కవరు ముట్టుకోవడం కన్నా పెద్ద తప్పు లేదు. పట్టుబడితే బల్ల పోవడం ఒక్కటే కాదు, ఆ చెయ్యి రాసిన నకళ్ళన్నీ పెట్టెల్లోంచి తీయించి తగలబెడతారు. మోసం చేసిన చేతి గుర్తులు చూసినవాళ్ళకి చెడు చేస్తాయని వాళ్ళ నమ్మకం.

మూడింటికి పరీక్ష. వసారాలో బెంచీ మీద మేమిద్దరం పక్కపక్కనే కూర్చున్నాం. కాగితాలు గుడ్డ కప్పి లోపలికి తీసుకెళ్ళారు, ఏది ఏదో మాకు తెలియదు. ముగ్గురిని పిలిచారు: ఒక బస్సు కండక్టరు, కళ్ళజోళ్ళ కొట్టులో పనిచేసే అమ్మాయి, ఒక రిటైరైన టీచరు. మొదటి కాగితం దగ్గర కండక్టరు పది నిమిషాలు కూర్చున్నాడు. "ఎవరింటికైనా వెళ్ళి పలకరించాలనిపించిందండీ," అన్నాడు. మిగతా ఇద్దరూ అటూ ఇటుగా అంతే. రెండో కాగితం పెట్టారు. కండక్టరు ఇరవై నిమిషాలైనా రాలేదు. నలభై అయింది. బయటికొచ్చినప్పుడు ఆయన మొహం ఎర్రబడి ఉంది. "మా తమ్ముడు ఇల్లు కట్టుకుని పదేళ్ళయింది. ఒక్కసారి కూడా గడప తొక్కలేదు. దూరమని చెప్పుకుంటున్నా. దూరం కాదండీ," అన్నాడు. కళ్ళజోళ్ళ అమ్మాయి వచ్చి ఏమీ చెప్పకుండా మంచినీళ్ళడిగింది. టీచరుగారు గంట కూర్చుని, వచ్చి గుమాస్తా మీద విరుచుకుపడింది: "ఇలాంటివి గోడకి తగిలించడానికి మీకు సిగ్గులేదా?"

నేను లోపల పండగ చేసుకుంటున్నాను. రెండోది ఆమె కాగితం, దాని పక్కన ఉన్నది నా కవరు. కుర్చీ నాది! కార్యదర్శి కవరు చింపి చదివాడు: "రెండో కాగితం... ఎనిమిదో బల్ల."

తలుపు తీసి రెండో కాగితాన్ని బయటికి తెచ్చి గుడ్డ తీశారు. తిన్నటి నిలువు గీత. సమానమైన వంపులు. అది నాది. కవరు మార్చకపోతే నా పేరే చదివేవారు.

ఎవరి చేతి గుర్తు వాళ్ళ మీద పనిచేయదు. ఇరవై రెండేళ్ళు పదిమందికి నేర్పిన ముక్క, నా దాకా వచ్చేసరికి బుర్రలోంచి ఎగిరిపోయింది. నా కాగితం నాకు గోడలా కనిపిస్తే, అందరికీ గోడే అనుకున్నాను. గురుతుల మండలిలో మొదటి బల్ల చేయాల్సిన తప్పేనా అది!

ఆమె ఆ కాగితం చూసింది. తర్వాత నన్ను చూసింది. తన చేతిది కాదని ఆమెకి తెలియదా? తెలిసింది. కళ్ళనిండా నీళ్ళు. కార్యదర్శి పద్ధతి ప్రకారం అడిగాడు: "ఎనిమిదో బల్ల, ఇది మీ చేతిదేనా?" ఆమె నా వైపే చూస్తోంది. నేను తేలు కుట్టిన దొంగలా తల దించుకున్నాను. ఆమె "అవునండీ," అంది.

మెట్ల మీద నన్ను పట్టుకుని ఏడ్చింది. "తాళం నీ దగ్గరే ఉంది కదక్కా. నువ్వు తప్ప ఎవరూ మార్చలేరు. అన్నీ నీకే ఇచ్చేస్తానంటే ఊరికే అన్నావనుకున్నా. నిజంగానే ఇచ్చేశావా? తల దించుకున్నావు చూడు, తీసుకో అన్నట్టు. నేను నోరెత్తితే నీ నకళ్ళన్నీ తగలబెడతారు, లేకపోతే తీసుకునేదాన్ని కాదు. ఎవరికీ చెప్పనులే."

ఏమనను? కాదు, నీది లాక్కోబోయి నాది పోగొట్టుకున్నాను అననా? మింగలేక కక్కలేక, "సరేలే, పద," అన్నాను.

అప్పటి నుంచి పదిహేడేళ్ళు ఆమె ఆ కుర్చీలో కూర్చుంది. మంచి పనే చేసింది, అబద్ధం చెప్పను. మేం పంపిన వందల కాగితాల మీద ఆమె గీసిన ఒక్కొక్క గీతా బతికే ఉంది. కుర్చీ వచ్చినా ఆలస్యంగా రావడం మానలేదు, సిరా పక్కన తినడం మానలేదు. తన పిల్లలు స్కూలు నుంచి వస్తే కుర్చీ కిందే కూర్చోబెట్టి లెక్కలు చెప్పేది. ఇంట్లో నా కంచం ముందు పెట్టకుండా తను తినేది కాదు. కొత్త బట్టలు కొంటే ముందు రంగు నేను ఎంచుకోవాలి. అత్తగారు పోయేముందు, "పెద్దదాన్ని చూసి నేర్చుకోవే," అని ఆమెకి చెప్పిందట. ఇరవై ఏళ్ళు నేను ఎదురుచూసిన మాట అది. ఏదో గొప్ప త్యాగమూర్తికి దక్కాల్సింది నాకు దక్కింది. ఆ త్యాగమూర్తి ఎవరో కనిపిస్తే పీక పిసికేద్దామన్నంత కోపంగా ఉండేది.

ఆ కాగితం మండలి కింది అంతస్తులో, మెట్ల దగ్గర అద్దం కట్టించి పెట్టారు. కింద 'చివరి గీత, ఎనిమిదో బల్ల' అని రాశారు. దేశదేశాల నుంచి పండితులు వచ్చి దాని ముందు నిలబడతారు. రెండేళ్ళ కిందట రిటైరయ్యేదాకా రోజూ దాని పక్కనుంచే నేను నా బల్లకి పోయాను.

ఇప్పుడు ఆమె మణికట్టు నరం మొరాయించింది. దిగిపోతోంది. నన్ను రాయమన్నారు. రెండు పేజీలు అడిగితే పదకొండయ్యాయి. ఇది చదివితే ఏమవుతుందో నాకు తెలుసు. ముప్ఫై ఏడేళ్ళ నా నకళ్ళు బయటికి తీస్తారు. అద్దంలోది కూడా నా చేతిదే కదా, దాన్నీ తగలబెడతారు. ఆమె పేరు మీద ఉన్నంతకాలమే అది క్షేమంగా ఉంటుంది. మూడు రోజులు ఆలోచించాను. నిజాయితీ పుట్టుకొచ్చి రాశాననుకుంటున్నారా? కాదు. ఇంకొకరి పేరుతో గోడ మీద ఉండేకంటే నా పేరుతో బూడిదవడమే నయం అనిపించింది. ఈ వయసులో కూడా, అంతే, ఓర్వలేకపోయాను.

అయినా ఆమెకి చెప్పకుండా ఇవ్వడానికి చెయ్యి రాలేదు. నిన్న మధ్యాహ్నం ఆమె మండలి నుంచి ఇంటికొచ్చి, మణికట్టుకి కాపడం పెట్టుకుంటూ కూర్చుంది. "రాశావా అక్కా? ఆ రోజు సంగతి మాత్రం రాయకు," అంది నవ్వుతూ. అప్పటిదాకా రాసినదంతా చదివి వినిపించాను.

కాపడం గుడ్డ చల్లారిపోయింది. చివరికి, "ఇవ్వలేదా అయితే?" అంది.

"లేదు."

"పదిహేడేళ్ళు నీకు ముందు వడ్డించి నేను తర్వాత తిన్నాను."

"తెలుసు."

"దేవతవనుకున్నాను కదే నిన్ను!" అంది. ఇన్నేళ్ళలో ఆమె నన్ను 'కదే' అనడం మొదటిసారి. మొహం కందిపోయింది. తిడుతుందనుకున్నాను, తిట్టాల్సిందే. గుడ్డ పిండి పక్కన పడేసి, కిటికీ వైపు తిరిగి అంది:

"నేనూ ఒకటి చెప్పనా? ఆ రోజు గుడ్డ తీయగానే అది నీదని తెలిసి ఏడ్చింది సంతోషంతో కాదు. నాకెప్పటికీ అంతటిది రాదని. ఈ పదిహేడేళ్ళలో ఒక్కరోజు కూడా మెట్లెక్కేటప్పుడు తలతిప్పి దానివైపు చూడలేదు. పండితులు వచ్చి 'మళ్ళీ అలాంటిది గీయండమ్మా' అంటే ఒళ్ళు మండిపోయేది. ఇచ్చినదానివి కదా అని నోరు మూసుకున్నాను. ఇచ్చెయ్యక్కా, ఆ కాగితాలు ఇచ్చెయ్. వాళ్ళు దాన్ని తగలబెట్టిన రోజు నేను హాయిగా నిద్రపోతాను."

నేను ఆమె మొహం చూశాను. కింది పెదవి కొరుక్కుంటూ, ముక్కుపుటాలు ఎగరేస్తూ, అచ్చం నాలా ఉంది. ఇరవై ఆరేళ్ళుగా ఒకే ఇంట్లో ఉన్నాం. ఆమె నా సొంత చెల్లెలిలా కనిపించింది అప్పుడే. దగ్గరికి జరిగి, ఆమె మణికట్టు నా ఒళ్ళో పెట్టుకుని, గుడ్డ మళ్ళీ వేడి నీళ్ళలో ముంచాను. రేపు పొద్దున ఇద్దరం కలిసి వెళ్ళి ఈ పదకొండు పేజీలూ కార్యదర్శికి ఇచ్చొస్తాం.